తదితరుల్లో ఒకావిడ

ఈ వారం ఉత్తరాల కట్టలో ఒకటి నన్ను పట్టుకుని వదల్లేదు. తెనాలి నుంచి డిగ్రీ రెండో సంవత్సరం చదువుతున్న ఓ చెల్లాయి రాసింది. పేరు వెయ్యొద్దంది కాబట్టి వెయ్యడం లేదు.

సంగతేమిటంటే, వాళ్ళ కాలేజీ వార్షికోత్సవానికి నాటిక వేస్తున్నారట. హీరోయిన్ వేషం తనకే వస్తుందని ఈ అమ్మాయి గంపెడాశ పెట్టుకుంది. తీరా నోటీసు బోర్డు మీద లిస్టు పెడితే ఆ వేషం పక్క బెంచీ అమ్మాయికి పోయింది. మన చెల్లాయికి తగిలింది బామ్మ వేషం! రెండు సీన్లు, నాలుగు దగ్గులు, ఓ ఏడుపు, అంతే. హాస్టల్లో అందరూ "బామ్మగారూ, పాదాభివందనం!" అంటూ ఒకటే ఆటపట్టించడం. "ఇప్పుడు ఈ వేషం ఒప్పుకుంటే ఇక జీవితమంతా నేను బామ్మనేనా? మానేద్దామనుకుంటున్నాను. మీరేమంటారు?" అని అడిగింది.

ఉత్తరం అక్కడితో అయిపోలేదు. కింద తాజాకలం: "మొన్న టీవీలో అరుంధతి మళ్ళీ చూశాను. జేజమ్మ కథ చెప్పే ఆ ముసలమ్మ ఎవరండీ? చూస్తుంటే భయం వేసింది, ఏడుపూ వచ్చింది. పేరు మాత్రం తెలియలేదు."

చెల్లాయ్! నీ ప్రశ్నకి జవాబు నీ తాజాకలంలోనే పెట్టుకుని నన్నడుగుతున్నావు. అరుంధతి వచ్చింది 2009 జనవరిలో. ఇన్నేళ్ళయినా ఆ చంద్రమ్మని చూసి నీకు భయమూ ఏడుపూ రెండూ వచ్చాయంటే, ఆ వేషం ఎంతసేపుందో నువ్వు లెక్కపెట్టావా? లేదు కదా!

ఆ ముసలమ్మ పేరు మనోరమ. అరవ దేశంలో "ఆచ్చి" అంటే చాలు, రిక్షా అబ్బాయి దగ్గర్నుంచి ముఖ్యమంత్రి దాకా అందరికీ తెలుసు. 1000 పైచిలుకు సినిమాల్లో నటించి గిన్నిస్ పుస్తకానికెక్కిన మనిషి. 1958లో మొదలుపెట్టి 2013 దాకా తెర మీద కనిపిస్తూనే ఉంది. కాగితం మీద లెక్క వేసి చూశాను. వెయ్యి సినిమాలనే అనుకున్నా సగటున 20 రోజులకో సినిమా! మన హీరోలు ఇప్పుడు రెండేళ్ళకొకటి చేసి అలిసిపోయామంటున్నారు.

ఇక్కడ నా తప్పు ఒకటి ఒప్పుకోవాలి. 1995 డిసెంబరులో రిక్షావోడు వచ్చినప్పుడు నేను సమీక్ష రాశాను. చిరంజీవి గురించి రాశాను, ఇద్దరు హీరోయిన్ల గురించి రాశాను, పాటల గురించి రాశాను. హీరోకి బామ్మగా వేసిన మనోరమ ఎక్కడుందో తెలుసా? ఆఖరి పేరాలో "తదితరులు తమ పాత్రలకు న్యాయం చేకూర్చారు" అన్న వాక్యంలో! ఆ "తదితరులు" అనే మాట మా సమీక్షకుల పాలిట కల్పవృక్షం. పేర్లు గుర్తుపెట్టుకునే ఓపిక లేనప్పుడల్లా దాని కింద నిలబడతాం. ఆ బాకీ ఈ వారం కొంతైనా తీర్చుకుంటాను.

* * *

మనోరమ అసలు పేరు గోపీశాంత. 1937 మే 26న తంజావూరు సీమలోని మన్నార్గుడిలో పుట్టింది. తండ్రి వదిలేస్తే తల్లి ఈ పసిదాన్ని చంకనేసుకుని కారైక్కుడి దగ్గర పళ్ళత్తూరు చేరింది. అది చెట్టినాడు ప్రాంతం. అక్కడ ఇంటి పెద్దామెను గౌరవంగా "ఆచ్చి" అంటారు. ఆ పిలుపే తర్వాత మనోరమ పేరుకి ముందో వెనకో శాశ్వతంగా అతుక్కుపోయింది.

పదకొండేళ్ళు వచ్చేసరికి తల్లికి జబ్బు చేసింది. పిల్ల చదువు ఆగిపోయింది. ఇంకొకరింట్లో పనిపిల్లగా చేరింది. ఈ సంగతి కొంచెం గుర్తుపెట్టుకోండి, మళ్ళీ దీని దగ్గరికి వస్తాను.

పాటలు బాగా పాడేది. ఊళ్ళోకి నాటకాలవాళ్ళు వచ్చినప్పుడు అవకాశం దొరికింది, రంగస్థలం ఎక్కింది. గోపీశాంత పోయి మనోరమ అయింది. తర్వాత ఎస్.ఎస్.రాజేంద్రన్ గారి నాటక సమాజంలో చేరి పేరు తెచ్చుకుంది. ఈ నాటకాల్లో ఆవిడ వేషమేమిటనుకున్నారు? హీరోయిన్! అవునండీ, నాటకాల్లో ఎప్పుడూ కథానాయికే.

1958లో కవి కణ్ణదాసన్ "మాలైయిట్ట మంగై" అనే సినిమా తీస్తూ ఈ అమ్మాయిని పిలిచి హాస్య వేషం ఇచ్చాడు. మన తెనాలి చెల్లాయి పరిస్థితే అనుకోండి! రంగస్థలం మీద హీరోయిన్‌కి సినిమాలో నవ్వించే వేషం. ఒప్పుకుంది. ఆ వేషం నేను చెయ్యగలనని నాకంటే ముందు నమ్మినవాడు కణ్ణదాసనే అని తర్వాత ఆవిడే చెప్పుకుంది. హీరోయిన్ వేషాలే పట్టుకుని కూర్చునుంటే ఎప్పుడో తెరమరుగైపోయేదాన్నని కూడా అంది.

అలాగని హీరోయిన్ ముచ్చట అసలు తీరలేదనుకోకండి. 1963లో "కొంజుం కుమారి"లో కథానాయికగా వేసింది. ఆవిడతోపాటు ఆ రోజుల్లో నాయికలుగా వెలిగిన ఎంతమంది పేర్లు ఇవాళ చెప్పగలరు? వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. మనోరమ మాత్రం శివాజీ గణేశన్ కాలంలో ఉంది, కమలహాసన్ కాలంలో ఉంది, సూర్య కాలంలోనూ ఉంది. 2010లో మీరు యముడు పేరుతో చూసిన సింగంలో ఉన్నది కూడా ఆవిడే.

* * *

1968లో "తిల్లానా మోహనాంబాళ్" వచ్చింది. నాదస్వర విద్వాంసుడిగా శివాజీ గణేశన్, నాట్యగత్తెగా పద్మిని. ఇద్దరూ ఇద్దరే, పోటాపోటీగా నటించారు. మధ్యలో జిల్ జిల్ రమామణి అని ఓ నాటకాల మనిషి వస్తుంది. గలగలా మాట్లాడుతుంది, ఆడుతుంది, పాడుతుంది. గొప్ప విద్వాంసుడి ముందు నిలబడి, తనూ కళాకారిణినేనన్న ధీమా చూపిస్తుంది. ఆ ధీమా వెనక కొంచెం బెరుకు. ఆ బెరుకుని కూడా కనిపించనిచ్చింది చూశారూ, అదీ మనోరమ. ఊరూరా తిరిగి నాటకాలాడిన మనిషికి ఆ రమామణి ఎవరో వేరే చెప్పాలా? ఇవాళ్టికీ అరవవాళ్ళు ఆ సినిమా తలుచుకుంటే శివాజీ, పద్మినిల తర్వాత మూడో పేరు జిల్ జిల్ రమామణే.

ఇక పనిపిల్ల సంగతి. 1986లో నేను మద్రాసులో మా పిన్నిగారింట్లో ఉన్నాను. సినిమా పిచ్చి తప్ప వేరే పని లేని రోజులు. ఏవీయం వారి "సంసారం అదు మిన్‌సారం" ఆడుతోంది. మరుసటి ఏడు తెలుగులో "సంసారం ఒక చదరంగం"గా తీశారే, ఆ కథే. పిన్ని, నేను, పిన్ని ఇంట్లో అంట్లు తోమే అరవావిడ, ముగ్గురం కలిసి వెళ్ళాం. నాకు అప్పటికి వచ్చిన అరవం "ఎన్న?" "ఎవ్వళవు?" అంతవరకే.

అందులో మనోరమది కణ్ణమ్మ అనే పనిమనిషి వేషం. ఇల్లు చీలిపోతోంది, కొడుకులు డబ్బు లెక్కలు చూస్తున్నారు, కన్నవాళ్ళు నలిగిపోతున్నారు. ఇంటివాళ్ళు నోరెత్తలేని చోట పనిమనిషి కణ్ణమ్మ నోరు చేసుకుంటుంది. ఎదుటివాడికి ఊపిరి తీసుకునే వ్యవధి ఇవ్వదు. హాలు హాలంతా ఈలలు, చప్పట్లు! సగం మాటలు అర్థంకాని నేనూ నవ్వుతున్నాను. పక్కకి తిరిగి చూస్తే మా అరవావిడ నవ్వడం లేదు. వీపు నిటారుగా పెట్టి, కళ్ళప్పగించి చూస్తోంది. మర్నాడు పొద్దున పిన్ని ఏదో గిన్నె సరిగా తోమలేదని అంటే, ఆవిడ నడుం మీద చెయ్యి పెట్టుకుని కణ్ణమ్మ ఫక్కీలో నాలుగు ముక్కలు అంటించింది. పిన్ని ముందు బిత్తరపోయి, తర్వాత పగలబడి నవ్వింది. ఆ తర్వాత ఆ ఇంట్లో గిన్నెల గొడవ నేను వినలేదు.

ఇంకో తమాషా ఏమిటంటే, కథ మొదట రాసుకున్నప్పుడు కణ్ణమ్మ లేదు. మరీ గంభీరంగా ఉంది, కొంచెం నవ్వు ఉండాలని ఏవీయం శరవణన్ సలహా ఇస్తే దర్శకుడు విసు ఈ పాత్రను కలిపాడు. కథలో లేని మనిషి! తీరా చూస్తే జనం ఇంటికి తీసుకెళ్ళింది ఆ మనిషినే. ఆ చిత్రానికి కేంద్ర ప్రభుత్వం ఉత్తమ వినోదాత్మక చిత్రంగా స్వర్ణకమలం ఇచ్చింది. పదకొండేళ్ళకి పరాయి ఇంట్లో పనికి చేరిన పిల్ల, నలభై తొమ్మిదేళ్ళ వయసులో పనిమనిషి వేషం కట్టి మా పిన్ని ఇంటి పనావిడ వీపు నిటారుగా చేసింది. నటన అంటే ఇంతకంటే ఏమిటో నాకు తెలియదు.

* * *

మన తెలుగువాళ్ళకి ఒక అన్యాయం జరిగింది. మనోరమ మనకి ఎక్కువగా వచ్చింది డబ్బింగ్ చిత్రాల్లో. విచిత్ర సోదరులు (1989)లో కమలహాసన్‌ని పెంచిన తల్లి ఆవిడే. భారతీయుడు (1996)లో భర్త పోతే రావలసిన డబ్బు కోసం ఆఫీసు చుట్టూ కాళ్ళరిగేలా తిరిగి, లంచం ఇవ్వనని ఎదురుతిరిగే పేదరాలు ఆవిడే. ముఖం ఆవిడదే గానీ మనం విన్న గొంతు ఆవిడది కాదు. మనోరమకి సగం ప్రాణం గొంతులోనే ఉంది! చెన్నపట్నం పేటల యాస, కోయంబత్తూరు యాస, తిరునెల్వేలి యాస, అగ్రహారం అరవం, ఏ వేషానికి ఆ భాష పలికేది. ఒకే మనిషి ఒక సినిమాలో శ్రీకాకుళం, ఒక సినిమాలో కడప, ఒక సినిమాలో వరంగల్లు మాట్లాడితే, మూడు ఊళ్ళవాళ్ళూ "మా ఊరి మనిషే" అనుకుంటే ఎలా ఉంటుందో ఊహించుకోండి. పైగా పాడేది కూడా. "మే మాదం" (1994)లో రెహమాన్ పాటలో ఆవిడ గొంతు విని కాలేజీ కుర్రాళ్ళు చిందులేశారు.

తెరవెనక ఆవిడ బతుకు అంత నవ్వులాటేమీ కాదు. నాటకాల రోజుల్లో చేసుకున్న పెళ్ళి నిలవలేదు. ఒక్కగానొక్క కొడుకుని, తల్లిని తనే సాకింది. ఉదయం కాల్షీట్ ఒక స్టూడియోలో, మధ్యాహ్నం కాల్షీట్ మరో స్టూడియోలో. సహాయ పాత్రలు వేసేవాళ్ళ బతుకులు అంతే కదా, రోజుకింత అని వస్తేనే రాబడి. పొద్దున పెళ్ళికూతురి తల్లి, సాయంత్రం చేపలమ్మి.

1996లో ఇంకో దెబ్బ. ఆ ఏడు తమిళనాడు ఎన్నికల్లో రజనీకాంత్ ఒకవైపు మద్దతు ప్రకటిస్తే, మనోరమ జయలలిత పార్టీ తరఫున ప్రచారం చేసింది. రజనీని వేదికల మీద గట్టిగానే విమర్శించింది. జయలలిత పార్టీ ఓడిపోయింది. అంతే, నిర్మాతల ఫోన్లు ఆగిపోయాయి! అంతవరకు రోజుకి రెండు కాల్షీట్లు చేసిన మనిషి ఇంట్లో కూర్చుంది. అప్పుడు ఆవిడకి వేషం ఇప్పించింది ఎవరనుకున్నారు? రజనీకాంతే! 1997లో వచ్చిన తన అరుణాచలంలోకి పిలిపించాడు. తాళం తీసి లోపలికి రానిచ్చిన రజనీ పెద్దమనసుని మెచ్చుకోవలసిందే. ఒక్క మాటకి తలుపులన్నీ మూసేసిన చిత్రసీమని మాత్రం మెచ్చుకోలేం. హీరో మాట తూలితే వార్త అవుతుంది. సహాయనటి మాట తూలితే అన్నం పోతుంది.

ముఖ్యమంత్రుల మాట వచ్చింది గనక ఇదీ చెప్పేస్తాను. అణ్ణాదురై, కరుణానిధిలతో రంగస్థలం మీద, ఎం.జి.రామచంద్రన్, జయలలిత, మన ఎన్.టి.రామారావులతో తెర మీద, ఇలా ముఖ్యమంత్రులైన అయిదుగురితో నటించిన మనిషి మనోరమ. వాళ్ళంతా కుర్చీలెక్కారు, దిగారు. ఆవిడ మాత్రం తన చిన్న ముక్కాలిపీట మీదే ఉంది. ఆ పీటని ఎవరూ లాగలేకపోయారు.

"పుదియ పాదై" (1989)కి ఉత్తమ సహాయనటిగా జాతీయ బహుమతి వచ్చింది. 2002లో పద్మశ్రీ ఇచ్చారు. బుల్లితెర వచ్చాక ధారావాహికల్లోనూ వేసింది. పెద్ద తెర మీద వెలిగినవాళ్ళకి చిన్న తెర నామోషీ అని గొణుక్కునే రోజుల్లో ఆవిడ గొణగలేదు. 2015 అక్టోబరు 10న చెన్నైలో కన్నుమూసింది. 78 ఏళ్ళు.

* * *

ఇదంతా చెప్పి "చిన్న వేషాలే గొప్పవి, పెద్ద వేషాలు ఎందుకు?" అని నేను నీతులు చెప్పబోవడం లేదు. చిన్న వేషానికి డబ్బు తక్కువ, పోస్టరు మీద చోటు లేదు, మాలాంటివాళ్ళు "తదితరులు" అని తోసేస్తాం. అది నిజం. ఆ నిజం బాధపెడుతుంది కూడా. కాకపోతే ఇంకో నిజం ఉంది. గుండమ్మ కథ (1962)లో రామారావు, నాగేశ్వరరావు, సావిత్రి, జమున, ఎస్.వి.రంగారావు అందరూ ఉండగా సినిమాకి పెట్టిన పేరు ఎవరిది? సూర్యకాంతం వేసిన పాత్రది! పోస్టరు మీద చోటు నిర్మాత ఇస్తాడు. మనసులో చోటు మాత్రం హాల్లో కూర్చున్నవాళ్ళే ఇవ్వాలి. నిర్మలమ్మకి, ఛాయాదేవికి, రమాప్రభకి మనం ఇచ్చింది అదే.

కనుక తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ, ఈసారి సినిమాకి వెళ్ళినప్పుడు ఒక పని చెయ్యండి. పేర్లు పడేటప్పుడు పాప్‌కార్న్ కోసం క్యూలో నిలబడకుండా లోపలికొచ్చి కూర్చోండి. తల్లిగా, అత్తగా, పనిమనిషిగా వేసినావిడ పేరు ఒక్కటి గుర్తుపెట్టుకుని ఇంటికి రండి. ఒక్కటి చాలు. నేనూ ఇవాళ్టి నుంచి నా సమీక్షల్లో "తదితరులు" అన్న మాట రాయనని మీ అందరి ముందూ ఒట్టేస్తున్నాను. తప్పితే ఉత్తరం రాసి కడిగెయ్యండి.

ఇక తెనాలి చెల్లాయికి, ఆ వేషం వదులుకోకు. ఒప్పుకున్నాక మాత్రం బామ్మ అనగానే నడుం వంచేసి, గొంతు వణికించేసి, దగ్గెయ్యకు. అది అందరూ చేసేదే. సెలవులకి ఇంటికెళ్ళినప్పుడు మీ అమ్మమ్మని గమనించు. గడప దాటేటప్పుడు ఏ చేత్తో తలుపు పట్టుకుంటుంది? వినపడనప్పుడు వినపడినట్టు ఎలా తలూపుతుంది? కోపం వస్తే ముందు కళ్ళకి వస్తుందా, నోటికి వస్తుందా? ఆ మూడూ పట్టుకుని స్టేజీ ఎక్కు. నీకున్నవి రెండు సీన్లే. ఆ రెండు సీన్లూ నీవే!

వార్షికోత్సవం అయ్యాక ఎలా జరిగిందో తప్పకుండా రాయి. మీ హీరోయిన్ పేరు నేనడగను. మీ హాస్టల్లో ఆ తర్వాత నిన్ను ఏమని పిలుస్తున్నారో, అది మాత్రం రాయడం మర్చిపోకు.

వచ్చే వారం మళ్ళీ కలుసుకుందాం. అంతవరకూ సెలవు!